చిన్న తెరకు దుబాసీ

మీ ఇంట్లో టీవీకి కొత్త పెట్టె ఏదైనా తగిలించినప్పుడు గమనించారా? తీగ ఒక చివర పెట్టెకు, రెండో చివర టీవీకి గుచ్చుతాం. అంతే, బొమ్మ వచ్చేస్తుంది. మీ టీవీ వెడల్పెంతో, ఎత్తెంతో, దాన్ని ఎవరు తయారు చేశారో ఆ పెట్టెకు మనం చెప్పలేదు. మరి దానికి ఎలా తెలిసింది?

ఇప్పుడు రెండో సంగతి. ఎలక్ట్రానిక్సు సరదా ఉన్నవాళ్లు వాడే చిన్న చిన్న తెరలు ఉంటాయి. అగ్గిపెట్టెలో ఇమిడిపోతాయి. అలాంటి తెరను నాలుగు తీగలతో కంప్యూటరుకు కలిపి చూడండి. ఏమీ రాదు. గంటసేపు కూర్చున్నా నల్లగానే ఉంటుంది. తెర పాడైపోయిందేమోనని ఎవరికైనా అనిపిస్తుంది. నాకూ ఒకసారి అలాగే అనిపించి, ఏ తప్పూ చేయని ఒక పిల్లవాణ్ణి కోప్పడ్డాను. ఆ సంగతి తరువాత చెబుతాను. పెద్ద తెర చేస్తున్న ఏ పనిని చిన్న తెర చేయలేకపోతోందో ముందు చూద్దాం.

పెద్ద తెర తన పేరు తానే చెప్పుకుంటుంది

టీవీకి వెళ్లే హెచ్‌డీఎంఐ తీగను కోసి చూస్తే లోపల సన్నని తీగలు చాలా కనిపిస్తాయి. (మంచి తీగను మాత్రం కోయకండి!) బొమ్మ నడిచే తీగలు కొన్ని. వాటితోపాటు కబుర్లు చెప్పుకోవడానికే కేటాయించిన తీగలు రెండున్నాయి. పెట్టెలో కరెంటు రాగానే ఆ రెండు తీగల మీద "నువ్వెవరు?" అని అడుగుతుంది. టీవీ తన లోపల భద్రంగా దాచుకున్న 128 బైట్ల చిట్టీ ఒకటి చదివి వినిపిస్తుంది. నన్ను తయారు చేసినవారు ఫలానా, తయారైన సంవత్సరం ఫలానా, నేను ఇన్ని చుక్కల వెడల్పు, ఇన్ని చుక్కల ఎత్తు. ఈ చిట్టీ పేరు ఈడీఐడీ. తెరలు తయారు చేసే కంపెనీలన్నీ కలిసి 1994లో ఈ పద్ధతికి ఒప్పుకున్నాయి. యూఎస్‌బీ మౌసు కూడా ఇలాంటిదే. గుచ్చగానే తన కంపెనీ సంఖ్య, తన సరుకు సంఖ్య చెప్పుకుంటుంది.

మన చిన్న తెర దగ్గర అలాంటి చిట్టీ లేదు. దాన్ని ఏమడిగినా "ఉన్నాను" అని మాత్రమే అనగలదు. తాను తెరనని కూడా చెప్పలేదు. కాబట్టి అది ఏమిటో, దానితో ఎలా మాట్లాడాలో తెలిసిన ప్రోగ్రామును మనమే కంప్యూటరులో పెట్టాలి. ఆ ప్రోగ్రామునే డ్రైవరు అంటారు.

పేరు వినగానే బండి తోలేవాడు గుర్తుకొస్తాడు. నాకైతే ఆ పేరు కన్న దుబాసీ అనే మన పాత మాట బాగా నప్పుతుందనిపిస్తుంది. తెలుగు రాని దొరకు, ఇంగ్లీషు రాని రైతుకు మధ్య నిలబడి, ఇటు మాట అటు, అటు మాట ఇటు చెప్పేవాడే దుబాసీ. కంప్యూటరు "ఈ బొమ్మ చూపించు" అంటుంది. తెరకు బొమ్మ అనే మాటే తెలియదు, దానికి తెలిసింది కొన్ని అంకెలే. మధ్యలో దుబాసీ కావాలి.

తెర లోపల ఏముంది?

మనం తీసుకున్న తెర ఓలెడ్ రకం. ఇందులో ప్రతి చుక్కా తానే వెలుగుతుంది. వెనక దీపం అక్కర్లేదు. కరెంటు పారితే వెలిగే సేంద్రియ పదార్థపు పలచని పొరలు ఇందులో ఉంటాయి. కొడాక్ కంపెనీలో పనిచేసిన చింగ్ టాంగ్, స్టీవెన్ వాన్ స్లైక్ అనే ఇద్దరు 1987లో వీటిని తక్కువ వోల్టేజీతో బాగా వెలిగేలా చేసి చూపించారు.

తెరలో అడ్డంగా 128 చుక్కలు, నిలువుగా 64 చుక్కలు ఉన్నాయి. 128ని 64తో గుణిస్తే 8192. ఒక్కో చుక్క వెలగాలా వద్దా అన్నది ఒక బిట్టు. ఎనిమిది బిట్లు ఒక బైటు కాబట్టి మొత్తం బొమ్మకు 1024 బైట్లు చాలు. గాజు అంచున, మన కంటికి సరిగ్గా ఆనకుండా, సన్నని చిప్ ఒకటి అతికించి ఉంటుంది. ఆ 1024 బైట్లను దాచుకునేది అదే. దాని పేరు ఎస్‌ఎస్‌డీ1306. మనం మాట్లాడవలసింది గాజుతో కాదు, ఈ చిప్‌తో.

ఒక గళ్ల కాగితం తీసుకోండి. ఎనిమిది గళ్ల వెడల్పు, ఎనిమిది గళ్ల ఎత్తు ఉన్న చదరం గీయండి. అందులో తెలుగు సున్న గీద్దాం. పై వరుసలో మధ్యనున్న నాలుగు గళ్లు నింపండి. రెండో వరుసలో ఎడమ నుంచి రెండోది, ఏడోది. మూడు, నాలుగు, ఐదు, ఆరు వరుసల్లో రెండు చివరల గళ్లు. ఏడో వరుస రెండోదానిలాగే, ఎనిమిదో వరుస మొదటిదానిలాగే. గుండ్రంగా వచ్చిందా?

దీన్ని అంకెల్లోకి మార్చాలి. మనం అడ్డంగా చదువుతాం. ఈ చిప్ మాత్రం నిలువుగా చదువుతుంది. ఒక్కో నిలువు వరుస ఒక్కో బైటు. పై గడి విలువ 1, దాని కింద 2, ఆ కింద 4, తరువాత 8, 16, 32, 64, అట్టడుగున 128. నింపిన గళ్ల విలువలు కూడండి. మొదటి నిలువు వరుసలో మూడో గడి నుంచి ఆరో గడి వరకు నిండి ఉన్నాయి. 4, 8, 16, 32 కలిపితే 60. రెండో వరుసలో 2, 64 కలిపి 66. మూడో వరుసలో 1, 128 కలిపి 129. ఆ తరువాత మూడు వరుసలూ 129లే. చివర 66, 60.

అంటే మన సున్న తెర భాషలో 60, 66, 129, 129, 129, 129, 66, 60 అన్నమాట. సున్న మధ్యలో చుక్క కావాలంటే నడిమి రెండు నిలువు వరుసల్లో 129 బదులు 153 రాయండి. ఎందుకో మీరే కూడి చూసుకోవచ్చు.

మనం ఏ బొమ్మ చూపించమన్నా దుబాసీ చేసే మొదటి పని ఇదే. బొమ్మను ఎనిమిదేసి చుక్కల ఎత్తున్న ఎనిమిది పట్టీలుగా కోసి, ఒక్కో పట్టీని 128 అంకెలుగా మారుస్తుంది.

అంకె ఒకటే, అర్థాలు రెండు

చుక్కలు పంపితే సరిపోదు, ఆజ్ఞలు కూడా పంపాలి. "వెలుగు" అనడానికి 175. "ఆరిపో" అనడానికి 174. నల్లటి చోట్లు తెల్లగా, తెల్లటి చోట్లు నల్లగా మార్చడానికి 167. వెలుతురు ఎక్కువ తక్కువలకు 129, దాని వెంట ఎంత వెలుగో చెప్పే ఇంకో అంకె.

ఆగండి! ఇప్పుడే కదా 129 అంటే మన సున్నలో మధ్య వరుస అనుకున్నాం? నిజమే. అంకెను చూసి అది చుక్కో ఆజ్ఞో చెప్పలేం. అందుకే ప్రతి మాటకు ముందు దుబాసీ ఒక గుర్తు పంపుతుంది. ముందు 0 పంపితే "ఇకమీదటివి ఆజ్ఞలు" అని, 64 పంపితే "ఇకమీదటివి చుక్కలు" అని అర్థం.

ఈ ఆజ్ఞల్లో కొత్తవాళ్లను బాగా ఏడిపించేది ఒకటుంది. ఓలెడ్ చుక్కలు వెలగడానికి సుమారు 7 వోల్టులు కావాలి. మనం ఇచ్చేది 3.3 వోల్టులు. ఆ తక్కువ వోల్టేజీని పైకి లేపే చిన్న పంపు చిప్‌లోనే ఉంది, చార్జి పంపు అంటారు. బావిలో నీళ్లున్నా మోటారు వేయనిదే కుళాయికి రావు కదా. ఈ పంపు కూడా తనంతట తాను తిరగదు. 141, ఆ వెంట 20 పంపితేనే మొదలవుతుంది. అది పంపకుండా 175 ఎన్నిసార్లు పంపినా తెర నల్లగానే ఉంటుంది. మన నాలుగు తీగల తెర గంటసేపు నల్లగా ఉండిపోవడానికి కారణం ఇదే. అది పాడవలేదు. దానికి ఎవరూ ఏమీ చెప్పలేదు.

తీగలు కలపడం

మా బడిలో మేము వాడిన కంప్యూటరు రాస్ప్‌బెర్రీ పై. పేకముక్కంత పలక. 2012లో మొదటిసారి అమ్మకానికి వచ్చింది. దాని అంచున రెండు వరుసల్లో 40 సూదులు ఉంటాయి. తెరకు నాలుగు కాళ్లు. తెర కరెంటు కాలు పలక మీద 1వ సూదికి, ఎర్తు కాలు 6వ సూదికి, ఎస్‌డీఏ అని రాసిన కాలు 3వ సూదికి, ఎస్‌సీఎల్ అని రాసినది 5వ సూదికి కలపాలి. అన్నీ కలిపాకే కరెంటు ఇవ్వండి.

ఇక్కడ ఒక హెచ్చరిక. ఒకేలా కనిపించే తెరల్లో కొన్నింటికి మొదటి కాలు కరెంటు, రెండోది ఎర్తు. కొన్నింటికి అదే తలకిందులు. పుస్తకంలో బొమ్మ చూసి కలపకండి. మీ చేతిలో ఉన్న పలక మీద అక్షరాలు చదివి కలపండి. ఇది తప్పితే నిజంగానే కాలిపోతుంది.

ఎస్‌డీఏ, ఎస్‌సీఎల్ అన్న రెండు తీగల పద్ధతి పేరు ఐ2సి. ఫిలిప్స్ కంపెనీ 1982లో కనిపెట్టింది. ఒక తీగ మీద మాటలు నడుస్తాయి, రెండో తీగ తాళం వేస్తుంది. ఈ రెండు తీగలకే ఎన్నో వస్తువులు తగిలించవచ్చు. ఒక్కొక్క దానికీ ఒక ఇంటి నంబరు ఉంటుంది. మా తెర నంబరు 60. దాని పక్కనే వేడిని కొలిచే బీఎంపీ280 అనే గింజంత పరికరం తగిలించాం, దాని నంబరు 118. పిలుపు అందరికీ వినిపిస్తుంది, నంబరు కలిసినవాడే పలుకుతాడు. అన్నట్టు, టీవీ తన చిట్టీ చదివే ఆ రెండు తీగల మీద నడిచేదీ ఈ ఐ2సి పద్ధతే. రోడ్డు ఒకటే. టీవీకి తన పేరు చెప్పుకోవడం వచ్చు, దీనికి రాదు, అంతే తేడా.

రాస్ప్‌బెర్రీ పైలో ఐ2సి మామూలుగా ఆపి ఉంచుతారు. రాస్పి కాన్ఫిగ్ అనే పట్టికలో ఇంటర్‌ఫేసులు అన్న చోటికి వెళ్లి దాన్ని తెరవాలి. తరువాత ఐ2సి టూల్స్ అనే పొట్లం దించుకుని, అందులోని ఐ2సి డిటెక్ట్ అనే ప్రోగ్రాము నడపాలి. అది వీధి వీధీ తిరిగి తలుపు తట్టి, ఎవరు పలికారో గళ్ల పట్టికలో రాస్తుంది. 60 కోసం వెతికితే మీకు కనిపించదు. 3సి అని ఉంటుంది. కంగారు పడకండి. కంప్యూటరువాళ్లు పదహారేసి చొప్పున లెక్కపెడతారు. 10కి ఎ, 11కి బి, 12కి సి, ఇలా. మూడు పదహారులు 48, దానికి సి అంటే 12 కలిపితే 60. అలాగే వేడి పరికరం 76 అని కనిపిస్తుంది. ఏడు పదహారులు 112, ఆరు కలిపితే 118.

ఇంకో తికమక ఉంది. తెర వీపున 78 అని అచ్చువేసి ఉంటుంది, పట్టికలో మాత్రం 3సి వస్తుంది. 78ని మన లెక్కలోకి మారిస్తే 120. అంటే 60కి సరిగ్గా రెట్టింపు. ఇంటి నంబరు ఏడు బిట్లే. ఆ నంబరు పక్కనే "చెబుతున్నానా, అడుగుతున్నానా" అని తెలిపే ఎనిమిదో బిట్టు ఒకటి ఉంటుంది. దాన్ని కూడా కలిపి రాస్తే విలువ రెట్టింపవుతుంది. తెర తయారు చేసినవారు కలిపి రాశారు, ప్రోగ్రాము రాసినవారు కలపలేదు. ఎవరి లెక్క వారిదే, మధ్యలో మనం నలిగిపోతాం.

దుబాసీని పిలిపించడం

దుబాసీలు రెండు రకాలు. ఒకరు కంప్యూటరు గుండెకాయ లాంటి కెర్నెల్‌లోనే కాపురం ఉంటారు. పలక నిద్ర లేచేటప్పుడు చదివే కాన్ఫిగ్ అనే పత్రంలో "నీ ఐ2సి తీగల మీద 1306 తెర ఉంది" అని ఒక పంక్తి రాస్తే, వారు లేచి పనిలో దిగుతారు. రెండో రకం బయట ఉండే లైబ్రరీ. మన ప్రోగ్రాము పిలిచినప్పుడే వచ్చి పని చేసి పోతుంది. బడిపిల్లలకు ఈ రెండోది మేలని నా అభిప్రాయం. పొరపాటు చేస్తే మన ప్రోగ్రాము ఆగుతుంది గాని కంప్యూటరు ఆగదు.

పైథాన్ భాషలో రాసేవారికి ల్యూమా ఓలెడ్ అనే లైబ్రరీ ఉచితంగా దొరుకుతుంది. దీన్ని దించుకునేటప్పుడు చాలామంది దగ్గర ఆగిపోయే మెట్టు ఒకటుంది. బుక్‌వార్మ్ అనే 2023 నాటి రాస్ప్‌బెర్రీ పై ఓఎస్ నుంచి, పాత పుస్తకాల్లో ఉన్న ఆజ్ఞ కొడితే కంప్యూటరు ఒప్పుకోదు, ఎర్రగా ఏదో రాసి తిప్పి పంపుతుంది. అది తప్పు చేశావని తిట్టడం కాదు. ఊరందరూ వాడే ఉమ్మడి బీరువాలో నీ సామాను పెట్టకు, నీకో అర కట్టుకుని అందులో పెట్టుకో అనడం. ఆ అర పేరు వర్చువల్ ఎన్విరాన్‌మెంట్. ముందు దాన్ని తయారు చేసి, అందులోకి వెళ్లి, అప్పుడు లైబ్రరీ దించుకోవాలి.

ఇక కోప్పడిన సంగతి

మా బడిలో ఏడో తరగతి రేకుల గదిలో నడుస్తుంది. ఎండాకాలం మధ్యాహ్నాలు అక్కడ కూర్చోవడం కష్టం. "కష్టం అంటే ఎవరూ వినరు, అంకె చూపిద్దాం" అని తొమ్మిదో తరగతి పిల్లలు పట్టుబట్టారు. రేకుల గది వేడి, స్లాబు గది వేడి పక్కపక్కన చూపే పలక తయారు చేసి హెడ్మాస్టరుగారి గది ముందు పెట్టాలని వాళ్ల ఆలోచన. అందరూ చందాలు వేసుకుని తెర తెప్పించారు. అమ్మినవారు పంపిన కాగితం మీద 1306 అని ఉంది.

తెర కాళ్లు విడిగా వచ్చాయి. టంకం వేసి అతికించాలి. ఆ పని ఒక అబ్బాయి చేశాడు, చేయి స్థిరంగా ఉంటుందని నేనే అప్పగించాను. తీగలు కలిపాం. ఐ2సి డిటెక్ట్ నడిపితే 3సి వచ్చింది. అందరూ చప్పట్లు కొట్టారు. ప్రోగ్రాము నడిపాం. తెర వెలిగింది. కాని దాని నిండా ముగ్గుపిండి ఎవరో గుప్పెటతో విసిరినట్లు తెల్లని చుక్కలు. అక్షరం లేదు.

నేను ఆ అబ్బాయిని చూసి, "ఎంతసేపు పెట్టావురా సోల్డరింగు కడ్డీ? మాడ్చేశావు తెరని" అన్నాను. వాడు ఏమీ అనలేదు. మర్నాడు చొక్కా జేబులోంచి మడతలు పడిన పది రూపాయల నోట్లు తీసి నా బల్ల మీద పెట్టి, మిగతావి తరువాత ఇస్తానని వెళ్లిపోయాడు.

ఆ నోట్లు బల్ల మీద ఉండగా నాకు వేరే పని తోచలేదు. తెరను మళ్లీ కలిపాను. ముగ్గుపిండి వచ్చింది. కరెంటు తీసి మళ్లీ ఇచ్చాను. ముగ్గుపిండి మళ్లీ వచ్చింది, కాని ఈసారి చుక్కలు వేరే చోట్ల ఉన్నాయి. మూడోసారి ఇంకోలా. కాలిపోయిన చుక్క ఎప్పుడూ కాలిపోయిన చోటే ఉండాలి కదా, ఇలా తిరగదు. ఏమీ రాయని కొత్త జ్ఞాపకశక్తికి కరెంటు ఇస్తే ప్రతి గదిలోనూ 0 గాని 1 గాని ఎలా పడితే అలా నిలుస్తుంది. నేను చూస్తున్నది అదే. అంటే తెర బాగుంది, పంపు నడుస్తోంది, మేము పంపిన చుక్కలే చోటుకు చేరడం లేదు. పక్కన నిలబడిన ఒక అమ్మాయి ఇంకొకటి చూపించింది. పై అంచున సన్నని పట్టీలో మాత్రం అక్షరాల నెత్తిభాగాలు తెగి కనిపిస్తున్నాయి. "సార్, తలకట్లు వచ్చాయి, ఒళ్లు రాలేదు" అంది.

తరువాత స్కేలు పెట్టి తెరను మూలనుంచి మూలకు కొలిచాం. 3.3 సెంటీమీటర్లు, అంటే 1.3 అంగుళాలు. 1306 చిప్ ఎక్కువగా కనిపించేది 0.96 అంగుళాల తెరల్లో. 1.3 అంగుళాల తెరల్లో చాలావాటికి ఉండేది ఎస్‌హెచ్1106 అనే ఇంకో చిప్. రెండింటికీ ఇంటి నంబరు 60. రెండూ "ఉన్నాను" అనే అంటాయి. పేరు చెప్పుకోలేని వస్తువులతో వచ్చే చిక్కు ఇదే. మేము కన్నడం మాట్లాడేవాడి దగ్గరికి తెలుగు దుబాసీని పంపాం. లిపి దగ్గరగా ఉంది కాబట్టి ఏదో అర్థమైనట్లు తల ఊపాడు.

ఎక్కడ తేడా వచ్చిందో చూడండి. 1306కి "0 నుంచి 127 వరకు నిలువు వరుసలు నింపు" అని ఒకసారి చెప్పి 1024 అంకెలూ గుక్క తిప్పుకోకుండా పంపవచ్చు. ఒక పట్టీ నిండగానే అదే కింది పట్టీకి దిగుతుంది. 1106కి అలా దిగడం రాదు. ప్రతి పట్టీకి "ఇప్పుడు ఫలానా పట్టీ" అని చెప్పి మళ్లీ మొదలుపెట్టాలి. చెప్పలేదు కాబట్టి మొదటి పట్టీ నింపి, మిగతావన్నీ దాని చివరి వరుసలోనే కుమ్మరించింది. అందుకే తలకట్లు వచ్చి ఒళ్లు రాలేదు. పైగా ఇందులో నిలువు వరుసలు 132. తెర మీద కనిపించేవి నడిమి 128. కాబట్టి ఎడమన రెండు వదిలి మొదలుపెట్టాలి. 127 అనే అంకె సంగతి మరీ విచిత్రం. 1306 దాన్ని చివరి నిలువు వరుస సంఖ్యగా వింటుంది. 1106కి అది ఒక పూర్తి ఆజ్ఞ, "బొమ్మను 63వ అడ్డువరుస నుంచి చూపు" అని.

మందు చాలా చిన్నది. ల్యూమా ఓలెడ్‌లో 1106 తెలిసిన దుబాసీ కూడా ఉన్నాడు. ప్రోగ్రాములో 1306 అని ఉన్న చోట 1106 అని మార్చాం. అక్షరాలు నిలబడ్డాయి.

నేను తొమ్మిదో తరగతి గదికి వెళ్లి, అందరి ముందు ఆ అబ్బాయి నోట్లు వాడికి తిరిగి ఇచ్చి, తప్పు నాదని చెప్పాను. అందరి ముందే మాడ్చేశావన్నాను కాబట్టి అందరి ముందే చెప్పాలి కదా.

తెలుగులో రాయడం

తెర మొదట ఇంగ్లీషులో పలికింది. పిల్లలకు అది నచ్చలేదు. ఏడో తరగతివాళ్ల గది పేరు తెలుగులోనే ఉండాలన్నారు.

పాతకాలపు రెండు వరుసల ఎల్‌సీడీ తెరలు మీలో కొందరు చూసి ఉంటారు. వాటిలో హిటాచీ వారి 44780 చిప్‌గాని, దాని పద్ధతి అనుసరించే చిప్‌గాని ఉంటుంది. అక్షరాలు అందులోనే అచ్చుపోసి ఉంటాయి. ఇంగ్లీషు ఉంది, ఒక రకంలో జపాను అక్షరాలున్నాయి, తెలుగు లేదు. సొంతంగా గీసుకోవడానికి ఎనిమిది అక్షరాలకే చోటు. అదీ అయిదు చుక్కల వెడల్పు, ఎనిమిది చుక్కల ఎత్తులో! మన యాభై ఆరు అక్షరాలు, గుణింతాలు, వత్తులు అందులో ఎక్కడ పడతాయి? ఓలెడ్ తెరకు ఈ బాధ లేదు. దానికి ఏ భాషా రాదు కాబట్టి ఏ భాషైనా గీయవచ్చు.

అయితే ఎవరో ఒకరు అక్షరాన్ని సరిగ్గా గీసి ఇవ్వాలి. "స్త్రీ" అన్న మాట కంప్యూటరులో ఆరు సంకేతాలుగా ఉంటుంది. స, పొల్లు, త, పొల్లు, ర, దీర్ఘం. చివర వచ్చే దీర్ఘం పైకెక్కి మొదటనున్న స నెత్తిన కూర్చోవాలి. త, ర కిందికి దిగి వత్తులు కావాలి. ఈ సర్దుబాటు తెలియని ప్రోగ్రాము స పక్కన పొల్లు, దాని పక్కన త అంటూ పొడుగ్గా పేర్చేస్తుంది. బొమ్మలు గీసే పిల్లో అనే లైబ్రరీకి రాక్మ్ అనే సహాయకుడు తోడుంటేనే ఇది సరిగ్గా వస్తుంది. తెలుగు చుక్కలు విడిపోయి కనిపిస్తే తెరను గాని దాని డ్రైవరును గాని అనుమానించకండి. తప్పు అంతకు ముందు మెట్టులోనే జరిగింది. దుబాసీకి ఇచ్చిన ఉత్తరమే తప్పుగా రాసి ఉంది.

పైన గుడి, కింద వత్తు ఉండే లిపికి ఎత్తు ఎక్కువ కావాలి. 64 చుక్కల ఎత్తులో ఇంగ్లీషు ఎనిమిది పంక్తులు పడితే, తెలుగు మూడు పంక్తులకు మించి చదివేలా రాలేదు మాకు. మూడు చాలాయి. పైన "రేకుల గది 41.3", మధ్యలో "స్లాబు గది 36.1", కింద గడియారం.

అంకె గబగబా మారితే బాగుంటుందని ఒకరడిగారు. లెక్క వేద్దాం. ఐ2సి తీగ మామూలుగా సెకనుకు లక్ష బిట్లు మోస్తుంది. ఒక్కో బైటుకు ఎనిమిది బిట్లు, "అందింది" అనే జవాబుకు ఒకటి, మొత్తం తొమ్మిది. 1024ని తొమ్మిదితో గుణిస్తే 9216. అంటే సెకనుకు పది బొమ్మలు పట్టడం గగనం. సినిమా చూపించలేం గాని, గది వేడి అంత తొందరగా మారదు.

ఏప్రిల్ మొదటి వారంలో ఆ పలకను హెడ్మాస్టరుగారి గది ముందు తగిలించాం. ఆయన రెండు రోజులు పోతూ వస్తూ చూశారు. మూడో రోజు మధ్యాహ్నం నుంచి ఏడో తరగతి లైబ్రరీ గదికి మారింది. టంకం వేసిన అబ్బాయి ఇప్పుడు మా లాబులోకి ఏ కొత్త తెర వచ్చినా ముందు స్కేలు పెట్టి కొలుస్తాడు. పనిచేసిన డ్రైవరు సంఖ్యను నల్ల పెన్నుతో దాని వీపున, అచ్చువేసిన 78 పక్కనే, రాసి పెడతాడు.